దిష్టిబొమ్మ తొడుక్కున్న టీషర్టు

దిష్టిబొమ్మ పొట్ట మీద తన ఫోటో చూసుకున్న మగవాడు నెమ్మదిగా మాట్లాడాలని ఆశించడం అన్యాయం. కానీ ఆ సంగతి ఝాన్సీలక్ష్మికి అప్పటికి తెలియదు. ఆమెకు తెలిసిందల్లా, ఎవరో మనిషి తలకు హెల్మెట్ లేకుండా తన సైట్లోకి దూసుకొచ్చాడని.

"ఓనర్ సాబ్ ఎక్కడ?" అన్నాడతను.

"హెల్మెట్," అంది ఝాన్సీ.

"ఏంది?"

"ముందు హెల్మెట్ పెట్టుకోండి. తర్వాత ఓనర్ని వెతుక్కోవచ్చు."

ఆమె ఇనుప రాడ్ల మధ్య ఎడం టేపుతో కొలుస్తోంది. తలెత్తకుండానే పక్కనున్న పసుపుపచ్చ హెల్మెట్ తీసి చెయ్యి చాపింది. అది అతని తలకు చిన్నది. పెట్టుకుంటే పెద్ద గిన్నెకు చిన్న మూత పెట్టినట్టుంది.

"పెట్టుకున్న. ఇప్పుడు చెప్పుండ్రి, ఓనర్ ఎక్కడ?"

"ఇక్కడ."

అతను ఆమె వెనక్కి చూశాడు. వెనక సిమెంటు బస్తాలున్నాయి.

"బోర్డు మీద 'జోగారావు అండ్ సన్స్' అని ఉన్నది కద. జోగారావు సారు లేకుంటె సన్స్‌ల ఎవరినన్న పిలువుండ్రి."

"సన్స్ పుట్టలేదు. నేను పుట్టాను. చెప్పండి."

నిజమే. జోగారావు కాకినాడ నుంచి సికింద్రాబాద్ వచ్చి కంపెనీ పెట్టినప్పుడు ఆయనకు ఇంకా పెళ్ళే కాలేదు. అయినా ముందుచూపున్న మనిషి కనుక బోర్డు మీద కొడుకుల్ని రాయించేశాడు. తర్వాత పెళ్ళయింది, ఝాన్సీలక్ష్మి పుట్టింది, ఆ తర్వాత ఇంకెవరూ పుట్టలేదు. ఝాన్సీ సివిల్ ఇంజనీరింగ్ చదివి, వేరేచోట నాలుగేళ్ళు పనిచేసి, ఆ బోర్డు కిందకే వచ్చి కూర్చుంది.

అతను తల గోక్కోబోయాడు. హెల్మెట్ అడ్డొచ్చింది.

"అయితే మీరే జెర బయటికి రాండ్రి మేడం. ఒకటి చూపిస్త."

సికింద్రాబాద్ కార్ఖానా ఏరియాలో మెయిన్ రోడ్డు నుంచి లోపలికి తిరిగే సందు మొదట్లోనే ఆ సైటు. రోడ్డు మీద నిలబడి అతను పైకి వేలు చూపించాడు. ముందు పిల్లర్ రాడ్లకు కట్టిన వెదురుబొంగు చివర దిష్టిబొమ్మ వేలాడుతోంది. గడ్డి కుక్కిన ఒళ్ళు, తలకు బదులు కుండ, కుండ మీద సున్నంతో కోరలు, బొగ్గుతో మీసం. అంతవరకూ అన్ని దిష్టిబొమ్మల్లాగే ఉంది. ఒంటి మీద మాత్రం చిలకాకుపచ్చ టీషర్టు ఉంది. టీషర్టు మీద, సరిగ్గా పొట్ట దగ్గర, ఒక యువకుడు రెండు చేతులూ జోడించి నవ్వుతున్నాడు. అతని కింద పెద్ద అక్షరాలు: "దయాకర్ టెంట్ హౌస్. మీ ఇంట ఏ శుభకార్యమైనా నేనున్నాను."

ఝాన్సీ ఫోటోను చూసింది. హెల్మెట్ కింద మొహాన్ని చూసింది. మళ్ళీ ఫోటోను చూసింది. సైట్లో ప్రతి రాడ్డూ, ప్రతి ముడీ కొలిచి చూసే తను, బొమ్మ కట్టి వారమైనా దాని పొట్ట చదవలేదు. లోపల్నుంచి పొంగుకొచ్చిన నవ్వును దగ్గులోకి మళ్ళించింది.

"దగ్గు కాదది. నవ్వుతున్నరు."

"డస్ట్ అలర్జీ."

"నవ్వుండ్రి మేడం, నవ్వుండ్రి. బోయిన్‌పల్లి దాక అందరు నవ్వుతున్నరు. వాట్సాప్ గ్రూపులల్ల తిరుగుతున్న నేను."

"అసలు మీ టీషర్టు ఇక్కడికెలా వచ్చింది?"

అతను నిట్టూర్చాడు. "మా అమ్మ."

దయాకర్ తల్లి విమలమ్మకు పాత బట్టలు ఇంట్లో ఉంటే నిద్ర పట్టదు. టెంట్ హౌస్ పనివాళ్ళకని కుట్టించిన టీషర్టులు కాస్త రంగు వెలిసేసరికి మూటగట్టి, స్టీలు సామాన్ల ఆమెకు వేసి, ఇడ్లీ పాత్ర తీసుకుంది. దాని మూత సరిగ్గా పట్టదు కూడా. స్టీలు సామాన్ల ఆమె నుంచి పాతబట్టల సంతకు, సంత నుంచి ఈ సైటు మేస్త్రి రాములు చేతికి టీషర్టు వచ్చి పడింది.

"సరే, టీషర్టు పోతే పోయింది. వచ్చే ఆదివారం ప్రేమమణి ఆంటీ బిడ్డ పెండ్లి. శ్రావణంల నాకు వచ్చిన పెద్ద ఆర్డర్ అదే. కొత్తగ గులాబి టెంట్ కుట్టించిన, వేలాడే జూమర్ లైట్లు తెప్పించిన. నిన్న ఫోన్ చేసి ఏమన్నదో తెలుసా? 'దిష్టిబొమ్మ మీదున్న పేరు మా పెండ్లి పందిట్ల వద్దు బిడ్డా. అది దించితెనే రా.' గదీ సంగతి. దించుండ్రి."

ఇందులో కాదనడానికి ఏముంది? "రాములూ, ఆ బొమ్మ దించెయ్," అంది ఝాన్సీ.

రాములు మేస్త్రి గడ్డపార కింద పెట్టి, చేతులు కట్టుకొని వచ్చి నిలబడ్డాడు. ఆయన చేతులు కట్టుకున్నాడంటే మాట వినడని అర్థం. ఝాన్సీకి చిన్నప్పటినుంచీ తెలుసు.

"కట్టిన బొమ్మను గృహప్రవేశం దాక ముట్టుకోవద్దమ్మా. దించితె మావోళ్ళు ఒక్కరు స్లాబ్ మీద కాలు పెట్టరు. నేను సుత పెట్ట."

"రాములూ, అది వట్టి టీషర్టు."

"బయటున్నప్పుడు టీషర్టు. ఇప్పుడు బొమ్మ."

"పోనీ టీషర్టు ఒక్కటీ విప్పి..."

"బట్టలిప్పి నిలబెడతరా? అది సుత మనిషి లెక్కనే కద మేడం!" అన్నాడు రాములు, నిజంగానే నొచ్చుకొని.

ఇక్కడ ఝాన్సీ చిక్కు చెప్పాలి. మోకాళ్ళ ఆపరేషన్ అయ్యాక జోగారావు ఒక మాటన్నాడు. "ఈ బిల్డింగు మొదటి స్లాబ్ నువ్వొక్కదానివే వేయించమ్మా. నేను సైటు దరిదాపులకు రాను. స్లాబ్ చక్కగా పడితే కంపెనీ నీది. తేడా వచ్చిందో, కర్ర పట్టుకునైనా వచ్చి కుర్చీ వేసుక్కూర్చుంటాను." తండ్రి మాటంటే మాటే. గురువారం స్లాబ్. రాములు మనుషులు వెళ్ళిపోతే గురువారం స్లాబ్ లేదు, శుక్రవారం నాన్నగారి కుర్చీ ఉంది. ఆ తర్వాత తను మళ్ళీ అందరికీ "సారుగారి అమ్మాయి".

"దయాకర్ గారూ," అంది గొంతు తగ్గించి, "శుక్రవారం నేనే దించుతాను. అంతవరకూ కనబడకుండా ఏదైనా చేద్దాం."

ఏం చెయ్యాలో ముగ్గురూ నిలబడి ఆలోచించారు. తిప్పి కడదామంటే, వీపు మీద ఇంకా పెద్ద అక్షరాల్లో ఫోన్ నంబరు ఉంది. ఇప్పుడది సైటు లోపలి వైపుంది కనుక కూలీలకు తప్ప ఎవరికీ కనబడటం లేదు. నల్లగుడ్డ కప్పుదామంటే, ఎవరో ధర్నా చేస్తున్నారనుకొని పోలీసులొస్తారన్నాడు దయాకర్. గొడుగు కడదామంటే గాలికి నిలవదంది ఝాన్సీ.

చివరికి ఆమెకే తట్టింది. "పూలదండ! లావుపాటి బంతిపూల దండ వేస్తే పొట్ట దాకా కప్పేస్తుంది. రాములూ, చేత్తో ముట్టుకోకుండా కర్రతో వెయ్యొచ్చా?"

రాములు కళ్ళు మూసుకొని ఆలోచించాడు. "పూలకు పర్వాలేదు."

దండ వచ్చింది. పొడుగాటి కర్రతో వేశారు. నవ్వుతున్న దయాకర్ బంతిపూల వెనక మాయమైపోయాడు. అసలు దయాకర్ హెల్మెట్ తీసి ఆమె చేతికిచ్చి, "ఇంజనీర్ అంటె ఇంజనీరే మేడం," అని వెళ్ళిపోయాడు. అతని నుదుటి మీద హెల్మెట్ గీత ఎర్రగా పడింది. ఆ గీత చూసి తనకెందుకు నవ్వొచ్చిందో ఝాన్సీ ఆలోచించలేదు. ఆమెకు పని ఉంది.

మర్నాడు పొద్దున్నే అతను మళ్ళీ వచ్చాడు. ఈసారి తనే హెల్మెట్ వెతికి పెట్టుకున్నాడు.

"మేడం," అన్నాడు, "నేను చచ్చిపోయిన."

"ఏమైంది?"

"బయటికి రాండ్రి."

సాయంత్రం గాలికి దండ రెండు పక్కలకూ జరిగింది. మధ్యలో ఫోటో. ఫోటో చుట్టూ గుండ్రంగా, అందంగా, ఎవరో పనిగట్టుకొని వేసినట్టు బంతిపూల దండ. దాని మధ్య నవ్వుతూ, చేతులు జోడించి, సెలవు తీసుకుంటున్నట్టు దయాకర్.

ఝాన్సీ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"నిన్న రాత్రినుంచి మా అమ్మకు ఒకటే ఫోన్లు. 'ఎట్ల పోయిండు విమలమ్మా, మొన్ననే కుర్చీలు తెచ్చిండు కద' అని ఒకటే ఏడుపులు. రాంగోపాల్‌పేట్ మా మామయ్య అయితె టిఫిన్ క్యారియర్‌ల అన్నం పట్టుకొని వచ్చిండు. తలుపు నేనే తీసిన. క్యారియర్ కింద పడేసిండు."

"సారీ అండీ. నిజంగా సారీ."

"మా అమ్మ సంగతి ఇంకొకటి. ఫోన్ చేసినోళ్ళకు నేను బతికే ఉన్ననని చెప్పుకుంట, మధ్యల 'ఎట్లన్న ఫోన్ చేసిండ్రు కద, మీ దగ్గర పెండ్లి పిల్లలున్నరా' అని అడుగుతున్నది. వచ్చిన ఫోన్ వేస్ట్ చేయదు."

ఈసారి ఝాన్సీకి నవ్వు ఆగలేదు. దగ్గుగా మార్చే ప్రయత్నం కూడా చెయ్యలేదు. అతను ఆ నవ్వునే చూస్తూ, చెప్పవలసిన మిగతా సంగతి మరిచిపోయాడు. కాసేపటికి గుర్తొచ్చింది.

"ప్రేమమణి ఆంటీ సుత ఫోన్ చేసింది. సంతాపం చెప్పి, వేరే టెంట్ హౌస్ చూసుకుంటున్ననని చెప్పింది."

నవ్వు టక్కున ఆగిపోయింది. ఝాన్సీ బొమ్మ వైపు చూసింది, సెంట్రింగ్ మీద వరసగా కట్టిన రాడ్ల వైపు చూసింది, రాములు వైపు చూసింది.

"నిచ్చెన తెప్పిస్తాను. నేనే ఎక్కి దించుతాను. రాములు వెళితే వెళ్ళనీ."

"మీ స్లాబ్?"

"చూసుకుంటాను."

దయాకర్ హెల్మెట్ సర్దుకున్నాడు. సెంట్రింగ్ కర్రల మధ్య తిరుగుతున్న కూలీలను చూశాడు. నిన్న అతను సైటు నుంచి వెళ్తుంటే టీ కొట్టు దగ్గర రాములు ఈ కుర్చీ సంగతంతా అతనికి చెప్పేశాడని ఝాన్సీకి తెలియదు.

"వద్దు మేడం. గురువారం దాక ఉండనీయుండ్రి. నాది ఒక్క పెండ్లి పోతది. మీది కంపెనీయే పోతది."

ఝాన్సీ స్కార్ఫ్ మెడకు చుట్టుకుంది.

"ప్రేమమణి గారిల్లు ఎక్కడ? పదండి."

దయాకర్ నడిపే టెంట్ హౌస్ ట్రాలీ ఆటో ముందు సీట్లో ఇద్దరూ ఇరుక్కొని కూర్చొని బోయిన్‌పల్లి వెళ్ళారు. కూరగాయల మార్కెట్టు లారీల మధ్య ఇరుక్కున్నప్పుడల్లా దయాకర్ మర్యాదగా తలుపు వైపు జరిగాడు. చివరికి సగం మనిషి బయటే ఉన్నాడు.

"పడిపోతారు," అంది ఝాన్సీ.

"ఒకసారి పోయిన కద మేడం, అలవాటైంది."

ప్రేమమణి తలుపు తీసి, దయాకర్‌ను చూసి, తలుపు వేసేసింది. మళ్ళీ కొంచెం తెరిచింది.

"నిజంగ నువ్వేనా?"

"నేనే ఆంటీ. గిచ్చి చూడుండ్రి."

ఆవిడ నిజంగానే గిచ్చింది. అతను అరిచాక లోపలికి రమ్మంది. కాఫీ ఇచ్చింది. సంతోషమే కానీ, దిష్టిబొమ్మ పేరు మాత్రం తన పందిట్లో వద్దంది. ఆడపిల్ల పెళ్ళి, నలుగురూ నాలుగు మాటలంటారంది.

ఝాన్సీ కాఫీ కప్పు కింద పెట్టింది. ఆమె చదివిన నాలుగేళ్ళ ఇంజనీరింగులో ఈ పాఠం లేదు.

"ఆంటీ, దిష్టిబొమ్మ చేసే పనేంటి?"

"దిష్టి తీసుకుంటది."

"మా బిల్డింగుకి వచ్చే దిష్టంతా ఈయన ఫోటోయే తీసుకుంటోంది. ఇన్నాళ్ళుగా మా సైట్లో ఒక్కరికి మేకు కూడా గుచ్చుకోలేదు. ఉత్త ఫోటోకే అంత పవర్ ఉంటే, మనిషే వచ్చి మీ గేటు దగ్గర నిలబడితే? మీ అమ్మాయి మీదకు ఏ దిష్టి వస్తుంది చెప్పండి!"

దయాకర్ నోరు తెరుచుకొని ఆమె వైపు చూస్తూ ఉండిపోయాడు. ప్రేమమణి కూడా చూసింది. తర్వాత కళ్ళు చిన్నవి చేసి దయాకర్‌ను పైనుంచి కిందకు చూసింది.

"టీషర్టు గదే వేసుకొస్తవా?"

"ఆంటీ, పెండ్లిల టీషర్టు..."

"వేసుకొస్తాడు," అంది ఝాన్సీ.

తిరిగి వస్తుంటే చినుకులు మొదలయ్యాయి. ట్రాలీకి ఒక పక్కే వైపర్ ఉంది, అదీ డ్రైవర్ వైపు. తన వైపు అద్దం మీద ప్రపంచమంతా కరిగిపోతుంటే ఝాన్సీ చూస్తూ కూర్చుంది. టీ కొట్టు దగ్గర ఆపారు.

"మీరు నమ్ముతరా మేడం, దిష్టి?"

"అస్సలు నమ్మను."

"మరి ఆంటీకి అంత మంచిగ చెప్పిండ్రు!"

"నేను నమ్మనిది మీ కోసం చెప్పాను. థాంక్స్ చెప్పాలి మీరు."

"చెప్త." కానీ చెప్పలేదు. టీ ఊదుకుంటూ ఆమెనే చూశాడు.

ఝాన్సీ మాట మార్చింది. "ఒకటి అడగనా? పొద్దున కష్టపడి టెంట్ వేస్తారు, మర్నాటికి పీకేస్తారు. బాధనిపించదా? నాకైతే ప్రాణం పోతుంది."

"ఎందుకు బాధ? పందిరి ఒక్క రోజుదే. గని పెండ్లైనోళ్ళు ముసలోళ్ళయ్యే దాక దాని ముచ్చట చెప్పుకుంటరు. మీ పిల్లర్ల గురించి ఎవరన్న ముచ్చట పెడతరా?"

"పిల్లర్ల గురించి ఎవరూ మాట్లాడకపోవడమే మా గొప్ప. మాట్లాడారంటే పగిలిందని అర్థం."

అతను పకపకా నవ్వాడు. టీ ఒలికింది. "నా నంబర్ సేవ్ చేసుకోండ్రి మేడం. ఎప్పుడన్న పని పడుతది."

"దేనికి? మా సైట్లో వేలాడుతోందిగా," అంది ఝాన్సీ, చాలా దర్జాగా.

గురువారం తెల్లారేసరికి ఆకాశం తోమిన పళ్ళెంలా ఉంది. కొబ్బరికాయ కొట్టారు, కాంక్రీటు కలిపే మిల్లర్ గరగరలాడింది, తట్టలు చేతులు మారాయి. స్లాబ్ రోజు కూలీలకు విందు పెట్టడం ఆనవాయితీ. శ్రావణమాసం, గురువారం, మాంసం ఏమిటని ఝాన్సీ తల్లి రాజ్యం ఫోన్లో గొడవ పెట్టింది. "స్లాబ్‌కు శ్రావణం లేదమ్మా," అన్నాడు రాములు. బగారా అన్నం, కోడికూర వండించారు. రాజ్యం కోసం గుత్తివంకాయ కూడా ఉందని ఝాన్సీ చెప్పింది. "నేనెందుకొస్తానే? మీ నాన్న వస్తేగా!" అంది రాజ్యం. వెనకనుంచి జోగారావు గొంతు వినిపించింది: "కాంక్రీటులో వైబ్రేటర్ సరిగ్గా పెడుతున్నారా అని అడుగు. నేను అడిగానని చెప్పకు."

సగం స్లాబ్ పడ్డాక గాలి మొదలైంది.

తోమిన పళ్ళెం కాస్తా మాడిన మూకుడైంది. ఝాన్సీ ముందుజాగ్రత్తగా తెప్పించిన పాలిథిన్ పట్టాలు పరిపించింది. గాలి వాటిని ఎత్తి, పక్కింటి వాటర్ ట్యాంకుకు చుట్టి, ఒకదాన్ని మాత్రం నిలువునా చింపి వదిలేసింది. అప్పుడే పోసిన పచ్చి కాంక్రీటు మీద గట్టి వాన పడితే సిమెంటు పాలంతా కొట్టుకుపోతుంది, మిగిలేది కంకర. దాంతోపాటే నాన్నగారి కుర్చీ వస్తుంది.

"టెంట్!" అంది ఝాన్సీ. "రాములూ, దయాకర్ నంబరుందా?"

"నా దగ్గరేడిది? బొమ్మ మీదున్నది కద!"

ఆమె ఫోన్ పట్టుకొని స్లాబ్ చివర చెక్క మీదకు పరుగెత్తింది. ఇన్ని రోజులూ బుద్ధిగా ఇటు వీపు పెట్టి నిలబడ్డ బొమ్మ, ఇప్పుడు గాలికి గిర్రున తిరుగుతోంది. నంబరు కనబడుతుంది, రెండంకెలు నొక్కేలోపు నవ్వుతున్న ఫోటో వస్తుంది. మళ్ళీ రెండంకెలు, మళ్ళీ ఫోటో. ఆఖరి అంకెల దగ్గర అది ఫోటో ఇటు పెట్టి మొండిగా ఆగిపోయింది. రెండు చేతులూ జోడించి నవ్వుతోంది.

ఝాన్సీలక్ష్మికి ఒళ్ళు మండింది. ఉన్న బలమంతా గొంతులోకి తెచ్చుకొని అరిచింది.

"ఒరేయ్ దయాకర్! అటు తిరగరా!"

మిల్లర్ ఆగింది. కూలీలందరూ తట్టలు పట్టుకొని ఆగారు. కిందనుంచి ఒక గొంతు, కొంచెం భయంగా, వినిపించింది.

"ఎటు తిరగాలె మేడం?"

కింద, సందులో, ట్రాలీ ఆటో. ట్రాలీ నిండా గులాబి రంగు మూటలు, పైపులు. వాటి మీద నలుగురు మనుషులు. ముందు, తన హెల్మెట్ తనే కొనుక్కొని సరైన సైజుది పెట్టుకొని, దయాకర్.

"మీరు... మీకెవరు చెప్పారు?"

"మబ్బు పట్టంగనే బయల్దేరిన. కొత్త టెంట్ వాటర్‌ప్రూఫ్. ఆంటీ పెండ్లి కంటె ముందు టెస్ట్ చేయొద్దా?" అంటూనే అతను పైపులు దింపిస్తున్నాడు. "పొడుగు పైపులు చుట్టూ నిలబెడతం. నడిమిట్ల మీ పిల్లర్ రాడ్లకు వెదుర్లు కడతం. బరువు ఆగుతదా?"

"ఆగుతుంది. మూల రాడ్లకు మాత్రం కట్టకండి, బయటికి లాగుతుంది. పైపు కింద చెక్క పెట్టండి, మట్టి మెత్తగా ఉంది. ఆ తాడు ఇంకా బిగించండి!"

"బిగిస్తున్న!"

"ఇంకా!"

"నేనే తెగిపోయేటట్టున్న మేడం!"

మొదటి పెద్ద చినుకు ఝాన్సీ ముక్కు మీద పడింది. రెండోది టెంట్ మీద పడింది. తర్వాతవన్నీ టెంట్ మీదే పడ్డాయి. పైన వాన తప్పెట్లు వాయిస్తుంటే, కింద మిల్లర్ మళ్ళీ గరగరమంది, తట్టలు మళ్ళీ చేతులు మారాయి. ఇవేం పట్టని గులాబి గుడ్డ కుచ్చులు ఊపుకుంటూ నిలబడింది. విప్పే తీరిక లేక జూమర్లు కూడా అలాగే వేలాడుతున్నాయి. వాటి వైరు సైటు కరెంటుకు కలిపి ఎవరో స్విచ్ వేశారు. జూమర్లు వెలిగాయి. సిమెంటు పూసుకున్న మొహాలన్నీ తళతళలాడాయి.

స్లాబ్ ఆఖరి తట్ట పడి, మట్టం కర్రతో చదును చేస్తుండగా, కింద కారు ఆగింది.

జోగారావు మాట మీద నిలబడే మనిషే కానీ, వానను చూసి నిలబడలేకపోయాడు. మోకాళ్ళు పట్టుకొని ఆయన దిగాడు, గొడుగు పట్టుకొని రాజ్యం దిగింది. దిగి, తలెత్తి చూసి, గొడుగు వదిలేసింది.

గులాబి పందిరి. వెలుగుతున్న జూమర్లు. కోడికూర, బగారా అన్నం ఘుమఘుమలు. పైన, చెక్క మీద, తన కూతురు. ఎదురుగా ఎవరో అబ్బాయి. గాలికి దిష్టిబొమ్మ మెడలోంచి ఊడి వచ్చిన బంతిపూల దండ కాంక్రీటు మీద పడకుండా పట్టుకున్న కూతురు, దాన్ని రెండు చేతులా ఎత్తిపట్టుకొని ఉంది. చుట్టూ కూలీలు చప్పట్లు కొడుతున్నారు. స్లాబ్ పూర్తయిందని వాళ్ళ సంతోషం.

"ఏవండోయ్!" రాజ్యం గొంతు పందిరి మీద వానను దాటి వినిపించింది. "ఒక్కగానొక్క పిల్ల! అమ్మకు చెప్పకుండా స్లాబ్ మీద పెళ్ళేవిటే! గుత్తివంకాయకని పిలిచింది ఇందుకా?"

"అమ్మా, కాదు! అది దిష్టిబొమ్మ దండ!"

"దిష్టిబొమ్మ దండతో పెళ్ళా!"

ఆ గొడవలో జోగారావు ఎప్పుడు నిచ్చెన ఎక్కాడో ఎవరూ చూడలేదు. ఆపరేషన్ అయిన మోకాళ్ళతో అంచున చతికిలబడి, కాంక్రీటు మీద చూపుడువేలితో మెల్లగా తాకి చూశాడు. వేలికంటిన సిమెంటును బొటనవేలితో రాసి చూశాడు.

ఝాన్సీ దండ పట్టుకొనే ఆ వేలినే చూసింది.

"చుక్క నీరు పడలేదు," అన్నాడు జోగారావు. "రాములూ, ఇంత నున్నగా నాకెప్పుడైనా వేశావటోయ్?"

"మీరెన్నడు జూమర్లు పెట్టలే కద సారూ."

జోగారావు నవ్వలేదు. కానీ కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. "ఆ కుర్చీ ఇంట్లోనే ఉంటుందమ్మా," అన్నాడు కూతురితో. "ఆ బోర్డు కూడా మార్పించెయ్. ఇంకా ఆ సన్స్ ఎందుకు?"

"లెటర్‌హెడ్లు చాలా మిగిలున్నాయి నాన్నా. అయిపోయాక చూద్దాం," అంది ఝాన్సీ.

జోగారావు దయాకర్ వైపు తిరిగాడు. "ఈ టెంట్ ఎవరిదోయ్?"

"నాదే సార్."

"ఎక్కడో చూసినట్టుందే నిన్ను," అని కళ్ళద్దాలు పెట్టుకొని ఆలోచిస్తూ, ఆయన చూపు వెదురుబొంగు చివరకు పోయింది. బొమ్మను చూశాడు. అబ్బాయిని చూశాడు. "ఆఁ," అన్నాడు. "మన మనిషేనన్నమాట. రా, భోంచేద్దువుగాని. రాజ్యం, ఆ కేకలాపి వడ్డించు."

కింద, ట్రాలీలో వచ్చిన టెంట్ హౌస్ కుర్చీల్లో అందరూ కూర్చున్నారు. రాజ్యం కేకలు ఆపలేదు కానీ, వడ్డించడం మొదలుపెట్టింది. గుత్తివంకాయ ఆ అబ్బాయి కోసం విడిగా తీసి పెట్టడం ఝాన్సీ పైనుంచి చూసింది.

పైన వాళ్ళిద్దరే మిగిలారు. వాన సన్నబడింది. దిష్టిబొమ్మ మొహం మీద కోరలు కొట్టుకుపోయాయి, మీసం గడ్డం దాకా కారింది. పొట్ట మీద నవ్వు మాత్రం అలాగే ఉంది.

"రేపు దించుతానన్నాను. మాట మాటే," అంది ఝాన్సీ.

"వద్దు మేడం. గృహప్రవేశం దాక ఉండనీయుండ్రి. నేను రోజూ వచ్చి చూసుకుంట."

"ఎవర్ని?"

"బొమ్మను."

"బొమ్మనేనా?"

దయాకర్ హెల్మెట్ తీసేశాడు. ఇది సరైన సైజు కనుక నుదుటి మీద గీత లేదు. ఝాన్సీకి ఆ గీత లేకపోవడం కొంచెం వెలితిగా అనిపించింది.

"బొమ్మను కాదు," అన్నాడు. ఎప్పుడూ ఉండే అల్లరి ఆ గొంతులో లేదు. "మబ్బు పట్టినప్పుడు నాకు ఆంటీ పెండ్లి గుర్తుకు రాలే. మీ స్లాబే గుర్తుకొచ్చింది. పందిర్లేసేటోన్ని మేడం నేను. మీరేమో నూరేండ్లు నిలబడేటివి కడతరు. గృహప్రవేశం అయినంక బొమ్మను దించినట్టు నన్ను సుత దించేస్తరేమో అని భయమైతుంది. జెర ముందే చెప్తె..."

ఝాన్సీ చేతిలోని బంతిపూల దండ వైపు చూసింది. తడిసి, నలిగి, సగం రేకులు రాలిపోయి, సిమెంటు కూడా అంటింది. పారేసే దండే. పారేయలేదు.

"దయాకర్ గారూ."

"ఆఁ."

"మా కంపెనీలో టెంపరరీ కట్టడాలు చెయ్యం."

అతనికి అర్థం కావడానికి కాస్త టైం పట్టింది. అర్థమయ్యాక, బొమ్మ పొట్ట మీదున్న నవ్వు అచ్చంగా అతని మొహం మీదకొచ్చింది. అంత దగ్గరగా చూస్తే ఫోటో అతనికి అన్యాయం చేసిందనిపించింది ఝాన్సీకి.

కిందనుంచి రాజ్యం పిలుస్తోంది, కూర చల్లారిపోతోందని. ఇద్దరూ కదల్లేదు. చిన్న గాలి వీచింది. దిష్టిబొమ్మ మెల్లగా, మర్యాదగా, రోడ్డు వైపు తిరిగింది.